డైరీ సార్‌కు గొర్రెల పాఠం

పొద్దున్నే మా బావ ఫోన్. వనపర్తి పక్క పల్లెలో గొర్రెల మంద ఉన్న మనిషి. "బావా, బిడ్డ డైరీల సార్ ఏందో రాసిండు, ఫొటో పంపిన, జర చూడు. పిల్ల ఒకటే ఏడుపు" అన్నాడు. తెరిచి చూస్తే ఎర్ర ఇంకుతో 'ఎగ్రీజియస్ బిహేవియర్', కింద రెండు గీతలు. ఆ పిల్ల చేసిన నేరమేంటో తెలుసా? క్లాసులో లేచి "సార్, సమజ్ కాలే" అన్నదట. నాలుగో తరగతి!

పట్టపగలు సిగ్గు లేకుండా చేసే ఘోరాలకు వాడే మాట ఈ 'ఎగ్రీజియస్'. చెరువు శిఖం కబ్జా పెట్టినోళ్లకు వాడండి సార్, నేనూ సంతకం పెడతా.

సార్‌కు ఇంగ్లీషు మీద అంత మోజుంటే మూలం కూడా చూడాల్సింది. లాటిన్‌లో గ్రెక్స్ అంటే మంద. మందలోంచి వేరుగా, మేటిగా కనబడేదాన్ని 'ఎగ్రెగియుస్' అన్నారు. మెచ్చుకోలు! 16వ శతాబ్దంలో ఇంగ్లీషువాళ్లూ గొప్పోళ్లనే అలా అనేవారు. తర్వాత వెటకారంగా వాడీ వాడీ తిట్టు చేసిపెట్టారు. ఇటలీలో ఇప్పటికీ ఉత్తరం మొదట్లో 'ఎగ్రెజియో' అని మర్యాదగానే రాస్తారు. మెమోలో అగ్రిగేట్, చెత్తబండి వాళ్లు చేయమనే సెగ్రిగేషన్, రెండూ ఆ గ్రెక్స్ పిల్లలే. (మా వార్డుకు చెత్తబండి వచ్చి ఎన్నాళ్లయిందో అడగకండి, అది ఇంకో పోస్టు.)

ఇదంతా చెప్తే మా బావకు నిమిషంలో ఎక్కింది. పెబ్బేరు సంతలో పొట్టేలు మూతి పట్టి, పెదవి పైకెత్తి, పండ్లు చూసి ఈడు చెప్పే మనిషాయె. "అంటే మందల మంచి పొట్టేలును ఏరినట్టే గద బావా?" అన్నాడు. బీఈడీ చదివిన సార్‌కు మాత్రం తట్టలేదు. ఫీజు అయితే టైముకు కట్టాలి, లేకపోతే గ్రూపులో పేర్లు పెడతారు.

ఆ మాటకొస్తే ఇంగ్లీషు సారే నయం. నేను హైస్కూల్లో వ్యాసంలో 'యాదికొచ్చింది' అని రాస్తే మా తెలుగు సార్ కొట్టేసి, పక్కన 'గ్రామ్యం' అని రాసి, క్లాసంతా నవ్వేలా చదివి వినిపించాడు. సొంత తెలుగులో సొంత మాటకు మార్కులు కోశాడు. ఇప్పుడేమో పెళ్లి ఆల్బమ్ మీద యాది, టిఫిన్ సెంటర్ బోర్డు మీద యాది, మైకు దొరికిన ప్రతివాడి నోట యాది. అప్పుడు నవ్వినోళ్లే ఇప్పుడు స్టేటస్‌లు పెడుతున్నారు, కింద లవ్ సింబల్‌తో సహా!