గడువులన్నీ నాకే

పొద్దున్నే స్నానం చేసి, దేవుడికి దీపం పెట్టి, సర్కారు బిల్లులు చెల్లించే వెబ్‌సైటు సీఎఫ్‌ఎంఎస్‌లో బిల్లు నంబరు కొట్టి చూడటం 23 నెలలుగా మా ఇంటి ఆచారం. దేవుడైనా అప్పుడప్పుడు ఒక పువ్వు జారవిడుస్తాడు. ఆ తెర మీద మాత్రం ఎప్పుడూ ఒకటే మాట: పెండింగ్.

మా ఊళ్లో 400 మీటర్ల సీసీ రోడ్డు వేసినందుకు సర్కారు నాకు 22 లక్షలు బాకీ. బాకీ అనకూడదట, ‘నిధుల లభ్యతను బట్టి’ అనాలట. టెన్షన్ పడొద్దు, చట్టం మన పక్కనే ఉందన్నారు మా లాయరు గారు. చూశాను. నిజమే, ఉంది. కూర్చుని ఉంది. తోటి కాంట్రాక్టర్ల మేలు కోరి ఆ దారులన్నీ ఇక్కడ రాసి పెడుతున్నాను.

మా టెండరు షరతుల్లో 1983 నాటి జీవో ఒకటి ఇంకా బతికే ఉంది. 50 వేలు దాటిన తగాదా ఏదైనా సివిల్ కోర్టుకే పోవాలి. 50 వేల లోపు సర్కారు పని ఈ రోజుల్లో ఏముంటుంది, బోరింగు పంపుకి వాషరు మార్చడం తప్ప? సరే, దావా వేద్దాం. దానికి ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ కింద రెండు నెలల నోటీసివ్వాలి, సర్కారు ఆలోచించుకోవడానికి. 23 నెలలు ఆలోచించిన వాళ్లకు ఇంకో రెండు నెలలు ఇవ్వడం మర్యాదే. నా సంగతి వేరు. పని పూర్తయిన మూడేళ్లలోగా కోర్టుకెక్కకపోతే లిమిటేషన్ చట్టం ప్రకారం నా దావా చెల్లదు. ఇవ్వడానికి వాళ్లకు గడువు లేదు, అడగడానికి నాకుంది.

గెలిచాననుకోండి. డిక్రీ వచ్చాక కూడా అదే కోడ్ 82వ సెక్షన్ ప్రకారం మూడు నెలలు ఆగాలి. ఆ తర్వాత కోర్టు అమీనాను వెంటబెట్టుకెళ్లి ఆఫీసు సామాను జప్తు చేయించవచ్చు. భూసేకరణ పరిహారం కేసుల్లో ఆర్డీవో ఆఫీసుల కుర్చీలు, కంప్యూటర్లు ఇలాగే బయటికొచ్చాయి. ముందుజాగ్రత్తగా నాకు బిల్లివ్వాల్సిన ఆఫీసుకి వెళ్లి కుర్చీలు లెక్కపెట్టాను. 11. మూడింటికి వీపు లేదు. కుర్చీ రెండు లక్షల చొప్పున అమ్ముడైతే నా బాకీ సరిగ్గా తీరిపోతుంది.

అంత ఓపిక లేనివాళ్లకు రాజ్యాంగం 226వ అధికరణం కింద రిట్ ఉంది. ఏఈ (ఇంజనీరు) కొలిచి, ఎంబుక్కులో (కొలతల పుస్తకంలో) రాసి, పై ఇంజనీరు డీఈ చెక్ మెజర్‌మెంట్ చేసి, బిల్లు పాసయ్యాక డబ్బులు ఆపడమేమిటని హైకోర్టును అడగవచ్చు. ఇన్ని వారాల్లో చెల్లించమని కోర్టు చెప్పవచ్చు. చెల్లించకపోతే ధిక్కారం కేసు. అదీ ఏడాదిలోగా వేయాలి (మళ్లీ గడువు నాకే). రుజువైతే ఆరు నెలల దాకా జైలు, లేదా 2 వేల దాకా జరిమానా, లేదా రెండూ. జైలు దాకా ఎవరూ పోనివ్వరు. ఇక 22 లక్షలు ఇవ్వడం మేలా, 2 వేలు కట్టడం మేలా అనేది ఏ ఆడిటరైనా చెబుతాడు. పైగా ఆ 2 వేలూ తిరిగి సర్కారు ఖజానాకే జమ.

ఎంఎస్‌ఎంఈ (చిన్న పరిశ్రమల) చట్టం ఉందిగా అన్నాడు మా తమ్ముడు. అద్భుతమైన చట్టం, 2006లో వచ్చింది. చెల్లింపు 45 రోజులు దాటితే రిజర్వు బ్యాంకు రేటుకి మూడింతల వడ్డీ, అదీ నెలనెలా చక్రవడ్డీ. క్యాలిక్యులేటర్ పట్టుకుని ఆ రాత్రి ఎంత సుఖంగా గడిపానో చెప్పలేను. సరుకూ పనీ కలిసిన నాలాంటి వర్క్స్ కాంట్రాక్టుకు ఆ చట్టం వర్తించదని బొంబాయి లాంటి హైకోర్టులు అన్నాయని పొద్దున లాయరు గారు చల్లగా చెప్పారు. అంటే నాకు కంకర అరువిచ్చిన క్రషరాయన దాన్ని నా మీద వాడొచ్చు, నేను మాత్రం సర్కారు మీద వాడటం కష్టం. అదృష్టం కొద్దీ క్రషరాయనకు చట్టం తెలీదు. ఫోన్ చేయడం తెలుసు.

ఇన్ని దారులుంటే ఇంకా కేసెందుకు వేయలేదంటారా? వేద్దామనే ఆ ఆఫీసుకి వెళ్లాను. “వేసుకోండి సార్, మీ హక్కు. వచ్చే నెల కొత్త టెండర్లు కూడా పడుతున్నాయి” అంటూ గుమాస్తా టీ తెప్పించాడు. ఆ టీ తాగాక కేసు మాట నోటికి రాలేదు.

నిన్న ఆ ఆఫీసు నుంచే స్పీడ్ పోస్టు వచ్చింది. మీరు వేసిన రోడ్డు రామాలయం దగ్గర పగిలింది, రెండేళ్ల నిర్వహణ బాధ్యత మీదే, ఏడు రోజుల్లో బాగు చేయకపోతే డిపాజిట్ జప్తు. లాయరు గారు కళ్లద్దాలు తుడుచుకుని రెండుసార్లు చదివి తెగ సంబరపడ్డారు. “బాకీ ఉన్నామని రాయలేదు గానీ, రోడ్డు మీరే వేశారని సంతకం పెట్టి మరీ ఒప్పుకున్నారండీ. జాగ్రత్తగా దాచండి.”

లామినేషన్ చేయించాను. పగుళ్లు పూడ్చడానికి ఒక ట్రాక్టరు కంకర కావాలి. క్రషరాయనకు పొద్దుట్నుంచీ ఫోన్ చేస్తున్నాను. ఈసారి ఆయనే ఎత్తడం లేదు.