మీ కళ్ళకే అలా కనిపిస్తోంది మేడమ్!

బట్టల షాపులవాళ్ళు మన కళ్ళ మీద చేస్తున్న పరిశోధనలకు ఇంతవరకూ ఒక్క అవార్డూ రాకపోవడం దారుణం. నాలుగంతస్తుల ప్రయోగశాల కడతారు. ఒక్క కిటికీ ఉండదు. పసుపు లైట్లూ తెల్ల లైట్లూ దట్టించి, మెరూన్ చీరకి మెరూన్ జాకెట్టు ముక్క అంటగడతారు. ఇంటికొచ్చి వాకిట్లో విప్పితే జాకెట్టు వంకాయ రంగు!

మార్చమని వెళితే మేనేజరుగారు వేదాంతి అయిపోతారు. "తేడా ఏం లేదు మేడమ్, మీ కళ్ళకే అలా కనిపిస్తోంది."

కంట్లో రంగుల్ని పట్టే కణాలు మూడు రకాలు. వేర్వేరు అద్దకాలు ఏదో ఒక లైటు కింద ఆ మూడింటినీ ఒకేలా కదిలిస్తే, మెదడు "ఒకటే రంగు" అనేస్తుంది. లైటు మారిందా, గుట్టు రట్టు. దీని పేరు మెటామెరిజం. మన మ్యాచింగ్ సెంటర్లు దీని దయవల్లే బతుకుతున్నాయి.

పారిస్‌లో గోబెలిన్ నేత కర్మాగారం నలుపు వెలిసినట్టుందని ఫిర్యాదులొస్తే, అక్కడి రసాయన శాస్త్రవేత్త షెవ్రల్ ఎవరినీ కసరలేదు. అద్దకం పరీక్షించాడు. లోపం లేదు, పక్కన నేసిన రంగులవల్లే నలుపు వెలవెలబోతోందని తేల్చాడు. 1839లో దాని మీద పెద్ద పుస్తకమే వేశాడు. మనవాళ్ళూ రాశారు, బిల్లు వెనకాల ఒక లైను: "అమ్మిన సరుకు వాపసు తీసుకొనబడదు."

ఆడవాళ్ళకి ఈ సైన్సు ఎవరూ నేర్పక్కర్లేదు. చీర పట్టుకుని తిన్నగా గుమ్మం వైపు నడుస్తారు. అప్పుడు చూడాలి! రెండో కొస పట్టుకుని వెనకాలే సేల్స్‌మన్. సెక్యూరిటీ చెయ్యి అడ్డం. అలారం కుయ్యోమంటుంది. చివరికి సగం చీర ఏసీలో, సగం బెజవాడ బీసెంట్ రోడ్డు ఎండలో. "ఇది నీలం కదయ్యా" అని పిన్నిగారు. "పచ్చేనండీ" అని లోపల్నించి అతను. ఆటో ఆపి మరీ ఒకాయన తీర్పు: "నెమలికంఠం తల్లీ!" 2015లో ఒక గౌను ఫొటో నీలం-నలుపా, తెలుపు-బంగారమా అని ప్రపంచమంతా కొట్టుకుంది. మా గుమ్మాల్లో అది రోజువారీ కార్యక్రమం.

కళ్ళు మోసం చేస్తాయట! ఏం మోసం? పడిన వెలుతుర్ని బట్టి అవి ఉన్నదున్నట్టే చెప్తున్నాయి. ఆ వెలుతురు పెట్టిందెవరు? చిట్టీ పాడి, కూతురి పెళ్ళికి చీర కొనుక్కున్న మనిషిని నలుగురిలో నిలబెట్టి "నీ చూపే బాలేదు" అనడానికి నోరెలా వస్తుందయ్యా? లైట్లు నీవి, మూసేసిన గోడలు నీవి, తప్పు ఆవిడ కంటిదా?

అంతస్తుకో కిటికీ పెట్టండి, చాలు. అదీ అడిగి చూశాం. వాస్తు ఒప్పుకోదట. క్యాష్ కౌంటర్‌కి మాత్రం నాలుగు దిక్కులూ కుదిరాయి.