డిక్రీ వచ్చినంత మాత్రాన పేరు మారదు

భాగాల దావాల (ఉమ్మడి ఆస్తిని పంచమని కోర్టులో వేసే కేసుల) గురించి ఒక మెసేజ్ ఫ్యామిలీ గ్రూపుల్లో తెగ తిరుగుతోంది. అందులో నాలుగు మాటలున్నాయి. కోర్టు డిక్రీ ఇచ్చాక ఆ కాపీ తహసీల్దార్ ఆఫీసులో ఇస్తే పేరు మారిపోతుందట. మూడేళ్లలో ఫైనల్ డిక్రీకి వేయకపోతే మొదటి డిక్రీ చెల్లదట. పాస్‌బుక్‌లో పేరు లేనివాళ్లు దావా వేయలేరట. 2005కు ముందే తండ్రి చనిపోతే కూతుళ్లకు వాటా రాదట. ఎక్కువమందిని ముంచేది మొదటి మాట, కాబట్టి దాని సంగతే ముందు చూద్దాం.

1. భాగాల దావాలో మామూలుగా మొదట వచ్చేది ప్రిలిమినరీ డిక్రీ. అది ఎవరికి ఎంత వాటానో తేలుస్తుందే గానీ, ఏ ముక్క ఎవరిదో చెప్పదు. ఒక సర్వే నంబరులో 4 ఎకరాల 20 గుంటలు ఉంది, ఇద్దరన్నదమ్ములు, ఒక అక్క అనుకోండి. తలా మూడో వంతు, అంటే 1 ఎకరం 20 గుంటలు. బాగానే ఉంది. మరి రోడ్డు పక్క ముక్క ఎవరిది? బోరు ఎవరి వైపు పడుతుంది? వెనక ముక్కకు బాట ఎటు? ఇవేవీ లేని కాగితం చూసి తహసీల్దార్ మాత్రం ఏ హద్దులు రాస్తారు?

అందుకే ఫైనల్ డిక్రీ కోసం అదే కోర్టులో మళ్లీ పిటిషన్ వేసుకోవాలి. కోర్టు అడ్వొకేట్ కమిషనర్‌ను నియమిస్తుంది. ఆయన సర్వేయర్‌ను వెంటబెట్టుకుని పొలానికి వచ్చి, కొలిపించి, నేల మంచిచెడ్డలు చూసి, ముక్కలు చేసి స్కెచ్‌తో రిపోర్టు ఇస్తారు. విలువల్లో తేడా వస్తే, కోర్టు ఆ అధికారం ఇచ్చి ఉంటే, ఎక్కువ దక్కినవాళ్లు మిగతావాళ్లకు ఇంత డబ్బు ఇవ్వాలనీ రాయొచ్చు. (ప్రభుత్వానికి శిస్తు కట్టే ఎస్టేట్ అయితే కలెక్టర్ ద్వారా పంచాలని సివిల్ ప్రొసీజర్ కోడ్ 54వ సెక్షన్ చెబుతుంది.) రిపోర్టు మీద అభ్యంతరాలు విన్నాకే ఫైనల్ డిక్రీ. దాన్ని స్టాంపు కాగితాల మీద ఎక్కించాలి, ఆ ఖర్చు మనదే. సబ్ డివిజన్ (సర్వే నంబరును ముక్కలుగా విడగొట్టడం), రికార్డుల్లో పేరు మార్పు ఆ తర్వాతి మాట. అందరూ రాజీకొచ్చి హద్దులతో సహా డిక్రీ తీసుకుంటే మాత్రం ఈ తిరుగుడు చాలావరకు తప్పుతుంది.

2. ఫైనల్ డిక్రీకి మూడేళ్ల గడువు ఉందన్నది ఉత్తమాట. పంపకం పూర్తయ్యేదాకా దావా నడుస్తున్నట్టేనని, ఫైనల్ డిక్రీ అడగడానికి లిమిటేషన్ (చట్టం పెట్టిన గడువు) లేదని సుప్రీంకోర్టు 2009లో శుభ్ కరణ్ బుబ్నా కేసులో చెప్పింది. ప్రిలిమినరీ డిక్రీ ఇచ్చాక కక్షిదారులు అడిగేదాకా ఆగకుండా కింది కోర్టులే కేసును ముందుకు నడపాలని 2022లో మరో తీర్పు ఇచ్చింది. అసలు గడువు ఉన్నది ఫైనల్ డిక్రీ వచ్చాక. దాన్ని అమలు చేయించుకోవడానికి 12 ఏళ్లే టైముంది, అదీ డిక్రీ తేదీ నుంచి. స్టాంపు కాగితాలు ఆలస్యంగా ఇచ్చాం కాబట్టి లెక్క అప్పటినుంచే మొదలవుతుందంటే కుదరదు. లేని గడువుతో టెన్షన్ పెట్టిన మెసేజ్, ఉన్న గడువు ఊసే ఎత్తలేదు.

3. పాస్‌బుక్ హక్కును పుట్టించదు. ఉమ్మడి రాష్ట్రంలో వచ్చిన 1971 పాస్‌బుక్‌ల చట్టం (తెలంగాణలో దాన్ని 2020లో రద్దు చేశారు) ప్రకారం రికార్డులో ఉన్నది తప్పని రుజువయ్యేదాకా నిజమని అనుకుంటారు, అంతే. పెద్దకొడుకు పేరున పట్టా ఉన్నంత మాత్రాన ఉమ్మడి ఆస్తి ఆయన సొంతం కాదు. దావా నడుస్తుండగా ఆయన అమ్మినా, కొన్నవాళ్లు కోర్టు తీర్పుకు లోబడాల్సిందే.

4. ఉమ్మడి ఆస్తిలో కూతుళ్లకు కొడుకులతో సమానంగా హక్కు ఇచ్చిన హిందూ వారసత్వ చట్ట సవరణ 2005 సెప్టెంబర్ 9న అమల్లోకి వచ్చింది. తండ్రి ఆ తేదీ నాటికి బతికి ఉండాలన్న వాదనను 2020లో వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు కొట్టేసింది. కూతురి హక్కు పుట్టుకతోనే వస్తుంది. 2004 డిసెంబర్ 20కి ముందే రిజిస్టరు దస్తావేజుతోనో కోర్టు డిక్రీతోనో పంపకాలు పూర్తయిపోతే మాత్రం వాటిని తిరగతోడలేరు. ఆ డిక్రీ ఫైనల్‌దై ఉండాలి. ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన గండూరి కోటేశ్వరమ్మ కేసులో ప్రిలిమినరీ డిక్రీ 1999లోనే వచ్చింది. ఫైనల్ డిక్రీ ఇంకా కాలేదు కాబట్టి, 2005 సవరణ ప్రకారం కూతుళ్ల వాటాలు సవరించుకోవచ్చని 2011లో సుప్రీంకోర్టు ఒప్పుకుంది.