మొదట వచ్చింది ఎవరు?

మొదట వచ్చి స్థిరపడ్డ ఇంగ్లీషువాళ్లే అమెరికాను తయారు చేశారని, తర్వాత వచ్చినవాళ్లు అందులో కలిసిపోయారంతేనని అమెరికా వలసల గురించి నేను చదివిన ఒక వ్యాసంలో రాశారు. నేను ఒప్పుకోను. అమెరికా 1924లో తెచ్చిన వలసల చట్టం ఆసియావాళ్లకు దాదాపు తలుపులు మూసేసింది. ఏ దేశం నుంచి ఎంతమంది రావచ్చో చెప్పే దేశాలవారీ కోటాలను 1965లో ఎత్తేశాకే మన డాక్టర్లు, ఇంజినీర్లు పెద్ద సంఖ్యలో వెళ్లగలిగారు, ఆ దేశమూ మారింది.

మా తిరుపతినే చూడండి. ఉత్తరాది మూలాలున్న హథీరాంజీ మఠం మహంతులు 1843 నుంచి 1933 దాకా తిరుమల ఆలయ నిర్వహణ చూశారు. ఇక 1911 దాకా చిత్తూరే తెలుగు, తమిళ ప్రాంతాలు కలిసిన అప్పటి ఉత్తర ఆర్కాటు జిల్లాకు కేంద్రం కదా, అందుకే అటువైపు ఇళ్లలో తెలుగు, తమిళం రెండూ వినిపిస్తాయి. వీళ్లలో ఎవరిని పరాయివాళ్లంటాం? అసలు అమెరికాలో అందరికన్నా ముందున్నది ఆదివాసీలు. వాళ్ల ఊసే వ్యాసంలో లేకపోవడం చాలా బాధ కలిగించింది.