సవరణ: హరిణ వనస్థలి గురించి

హైదరాబాద్‌లో వనస్థలిపురం దగ్గరి జింకల పార్కు, మహావీర్ హరిణ వనస్థలి మీద మొన్న రాసినదాంట్లో రెండు తప్పులు దొర్లాయి. "మహావీర్" అంటే ఆంజనేయుడని రాశాను. కాదు, జైన తీర్థంకరుడు. ఆయన 2,500వ నిర్వాణ సంవత్సరం సందర్భంగా 1975లో ఆ పేరు పెట్టారు. అంతకుముందు అది నిజాం వేటాడిన అడవి.

రెండోది, అక్కడి కృష్ణజింక మన రాష్ట్ర జంతువన్నాను. అది ఉమ్మడి రాష్ట్రం నాటి మాట, ఇప్పుడు ఆంధ్రప్రదేశ్‌ది. తెలంగాణది చుక్కల జింక. రెంటికీ తేడా కొమ్ముల్లోనే తెలుస్తుంది: కృష్ణజింకవి మెలితిరిగి ఉంటాయి, ఊడవు. చుక్కల జింకవి కొమ్మల్లా చీలతాయి, రాలి మళ్లీ మొలుస్తాయి.

అందులోనే దాన్ని "చిన్న పార్కు" అన్నందుకు మా బావ ఇంకా నవ్వుతున్నాడు. విస్తీర్ణం 14.59 చదరపు కిలోమీటర్లట మరి!