లారీ కదల్లేదు, రికార్డు చెదరలేదు

బేస్‌బాల్‌లో పిచర్ అంటే బంతి విసిరేవాడు. మా ఊళ్లో పిచ్చరంటే సినిమా. లారీ యౌంట్ విషయంలో మా ఊరి అర్థమే సరిగ్గా సరిపోతుంది. టైటిల్స్ పడ్డాయి, హీరో నడుచుకుంటూ వచ్చాడు, రీలు తెగిపోయింది. అయినా ఆ ఆటలో పుట్టిన పిచర్లందరిలోకీ మచ్చలేని మనిషి ఇతనేనని నా దృఢ విశ్వాసం. ఎవరైనా కాదంటే లెక్కలతో వస్తాను.

1971 సెప్టెంబరు 15. హ్యూస్టన్ ఆస్ట్రోస్‌కీ అట్లాంటా బ్రేవ్స్‌కీ ఆట. వేదిక ఆస్ట్రోడోమ్. 1965లో తెరిచి, ప్రపంచంలో ఎనిమిదో వింత ఇదేనని హ్యూస్టన్ వాళ్లు చాటింపు వేసుకున్న పైకప్పు స్టేడియం అది. ఆ ఎనిమిదో వింత లోపల, తొమ్మిదో ఇన్నింగ్స్‌లో, తొమ్మిదో వింత జరిగింది.

లారీకి 21 ఏళ్లు. పెద్ద లీగులో, అంటే అమెరికా బేస్‌బాల్‌లో అన్నిటికన్నా పై మెట్టులో, మొదటి ఆట. మైకులో పేరు చదివారు. పిచర్లు తమ వంతు కోసం కాచుకునే బుల్‌పెన్‌లోంచి బయల్దేరి మైదానం మధ్యకొచ్చి, 10 అంగుళాల ఎత్తున్న మట్టిదిబ్బ ఎక్కాడు. ఆట మళ్లీ మొదలయ్యేలోగా చెయ్యి వేడెక్కడానికి కొన్ని ఉత్తుత్తి బంతులు విసరనిస్తారు. విసిరాడు. అంతకుముందు నుంచే సలుపుతున్న మోచేతి నొప్పి ఇంకా ఎక్కువైంది. ట్రైనర్ వచ్చాడు, మాట్లాడుకున్నారు, లారీ దిబ్బ దిగి వెళ్లిపోయాడు. ఇంకో పిచర్ వచ్చి మిగతా పని చూసుకున్నాడు. ఇంతే కథ. కాఫీ చల్లారేలోపు అయిపోయింది.

అయితే పేరు మైకులో పలికారు కదా, ఆడినట్టే లెక్క. అప్పటి రూలు ప్రకారం అలా పిలిచిన పిచర్ మామూలుగా అయితే ఒక్క బ్యాటర్‌కైనా బంతి వేసి తీరాలి. దెబ్బ తగిలితేనే మినహాయింపు. అలా లారీ పేరున ఒక ఆట నమోదైంది. హాజరు పట్టీలో సంతకం పెట్టి, కుర్చీకి తువ్వాలు తగిలించి టీకొట్టుకు వెళ్లే గుమాస్తాలను చూసి పెరిగిన మనకు ఇందులో వింతేముంది? తేడా ఒక్కటే. మనవాళ్లు మర్నాడు కూడా వచ్చి సంతకం పెడతారు. లారీకి ఆ మర్నాడు రాలేదు. ఒక్క బ్యాటర్‌నూ ఎదుర్కోకుండా ముగిసిన పిచర్ కెరీర్ పెద్ద లీగుల్లో ఇదొక్కటే.

ఇక లెక్కలు. లారీ ఇచ్చిన పరుగులు సున్నా. ఓటములు సున్నా. పిచర్ సగటు తీయాలంటే ఇచ్చిన పరుగులను తొమ్మిదితో గుణించి, వేసిన ఇన్నింగ్స్‌తో భాగించాలి. ఇక్కడ సున్నాని సున్నాతో భాగించాలి కాబట్టి జవాబు లేదంటారు నేటి గణిత మేష్టార్లు. మన బ్రహ్మగుప్తుడు మాత్రం 628లోనే సున్నాని సున్నాతో భాగిస్తే సున్నాయేనని తేల్చేశాడు. దేశభక్తి ఉన్నవాడెవడైనా బ్రహ్మగుప్తుడి పక్షానే నిలబడాలి. ఆ ప్రకారం లారీ సగటు 0.00. దీన్ని ఎవరూ కొట్టలేరు, మహా అయితే సమం చేస్తారు.

పైగా ఎదుటి జట్టు హ్యాంక్ ఆరన్ ఉన్న జట్టు. ఆయన జీవితం మొత్తం మీద 755 హోమ్‌రన్లు (మన సిక్సర్ల లాంటివి) బాదాడు. ఎంతెంతటి పిచర్లనో ఏడిపించాడు. మన రోడ్ల మీద ప్రతి లారీ వెనకా ‘హారన్ కొట్టు’ అని రాసుంటుంది. ఆరన్ కొట్టలేకపోయిన లారీ మాత్రం ఇదొక్కటే.

లారీకి ఒక తమ్ముడున్నాడు, రాబిన్. మిల్వాకీ బ్రూవర్స్‌లో 18వ ఏట అడుగుపెట్టి, 20 సీజన్లు ఆడాడు. 2,856 ఆటలు, 3,142 హిట్లు, 1999లో హాల్ ఆఫ్ ఫేమ్, అంటే ఆ ఆటలో మహామహుల జాబితాలో చోటు. మన ఇళ్లల్లో అయితే సంబంధాలు చూసేటప్పుడు దీన్నెలా చెబుతారో నాకు తెలుసు: ‘అన్నదమ్ములిద్దరూ కలిసి 2,857 ఆటలు ఆడారండీ.’ అబద్ధం ఎక్కడుంది?

హాస్యానికేం గానీ, ఆ రాత్రి దిబ్బ దిగేటప్పుడు కుర్రాడు మరోసారి వద్దాంలే అనుకుని ఉంటాడు. చెయ్యి పాడుచేసుకోకుండా ఆగడం తెలివైన పనే. ఆ తర్వాత ఏళ్ల తరబడి చిన్న లీగుల్లో బంతులు వేశాడు, వందలమంది బ్యాటర్లకు. వాటికి హిట్లూ పరుగులూ అన్నీ ఉన్నాయి. వాటి గురించి ఎవరూ అడగరు, నాతో సహా. తమ్ముడున్న మిల్వాకీ సంస్థకూ మారాడు. పెద్ద జట్టులో చోటు దొరకలేదు.

తర్వాత అరిజోనాలో రియల్ ఎస్టేట్‌లోకి దిగి స్థిరపడ్డాడు. ఇది విన్నాక మా బావమరిది ముఖం వెలిగింది. అంతదాకా లారీ కథ వింటూ జాలిపడుతున్నవాడు కుర్చీ ముందుకు జరిపి, ‘అరిజోనాలో ఇప్పుడు గజం ఎంతుంది బావా?’ అన్నాడు.