ఆ మూకీకి గొంతు ఆమెదే

కెనడా ఉత్తరాన మంచు ప్రాంతంలో బతికే ఇన్యూట్ ఆదివాసుల మీద 1922లో వచ్చిన మూకీ సినిమా ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ను డాక్యుమెంటరీలకు ఆద్యమని ఫిల్మ్ స్కూళ్లలో ఇప్పటికీ పాఠం చెబుతారు. అందులో కల్పన ఎంతో కూడా తెలిసిందే. హీరో నానూక్ అసలు పేరు అల్లకరియల్లక్. తుపాకులు వాడే వేటగాళ్ల చేతికి బల్లేలిచ్చారు. లోపల వెలుతురు చాలదని సగం ఇగ్లూనే (మంచు ఇల్లు) కట్టారు. ఖర్చు పెట్టింది తోళ్ల వ్యాపారం చేసే ఫ్రెంచి కంపెనీ. ఇలాంటి సినిమాను ఏం చేయాలన్నదానికి సరైన జవాబు చెప్పింది పండితులు కాదు, తాన్యా టగాక్ అనే ఇన్యూట్ గాయని.

2012లో టొరంటో చలనచిత్రోత్సవ సంస్థ కోరితే, ఆమె ఆ మూకీ ఆడుతుండగా వేదిక మీద గొంతు పాట పాడింది. ఈ పాట పేరు కటాజ్జక్. ఇద్దరు ఆడవాళ్లు ఎదురెదురుగా నిలబడి, ఊపిరి తీస్తూ వదులుతూ శబ్దాలు పలికిస్తారు. ఒకరు ఆపిన చోట ఇంకొకరు అందుకుంటారు. ముందు ఎవరికి నవ్వొస్తే వాళ్లు ఓడినట్టు. మిషనరీలు దీన్ని ఏళ్ల తరబడి అణచేశారు. కెనడా ఉత్తర ప్రాంతమైన నునావుట్‌లోని కేంబ్రిడ్జ్ బేలో పుట్టిన టగాక్ కూడా హాలిఫాక్స్‌లో చదువుకునే రోజుల్లో, అమ్మ పంపిన టేపులు వినే నేర్చుకుంది. జోడీ లేక రెండు గొంతులూ తానే అయింది. అలా ఒంటరిగా పాడేది కటాజ్జకే కాదనేవాళ్లున్నారు. నోరు నొక్కేసిన కళకు జోడీని ఎక్కడి నుంచి తెమ్మంటారు? 1922 నాటి దర్శకుణ్ని ఇప్పటి కొలతలతో కొలవొద్దనే వాదనా ఉంది. ఆమె ఆ సినిమాను తగలబెట్టమనలేదే! ఆ తెర మీది వేట, ఆ ఓర్పు తన పూర్వీకులవే. బొమ్మను ఉంచి, దాని మీద అధికారాన్ని మాత్రం లాక్కుంది.

నానూక్ గ్రామఫోన్ రికార్డును కొరికి చూసే సీన్ గుర్తుందా? వందేళ్లుగా ప్రేక్షకులు నవ్వుతున్నది అక్కడే. ఇన్యూట్ స్త్రీ శ్వాస చెవుల్లో హోరెత్తుతుంటే ఆ నవ్వు అంత తేలిగ్గా రాదు.

అసలు గొడవ ఒక్క సినిమాతో పోయేది కాదు. అది తీసిన ఇనుక్‌జువాక్ అనే ఊరి నుంచే 1950లలో కెనడా ప్రభుత్వం ఇన్యూట్ కుటుంబాలను ఉత్తర ధ్రువం వైపు తరలించింది. దర్శకుడు ఫ్లాహెర్టీకి అక్కడ పుట్టిన కొడుకు జోసెఫీనీ 1955లో పంపేశారు. ప్రభుత్వం నుంచి క్షమాపణ వచ్చింది 2010లో! సినిమా తీసినా, ఊరు ఖాళీ చేయించినా నిర్ణయం బయటివాళ్లదే. అందుకే, ఆదివాసుల పాత రీళ్లు, పాటల రికార్డులు దాచుకున్న ప్రతి ఆర్కైవ్‌లో, వాటిని ఎవరికి చూపాలో, ఏ మాటలతో చూపాలో చెప్పే హక్కు ఆ మనుషుల వారసులకే ఉండాలి. సలహా సంఘంలో ఒక కుర్చీ వేస్తే సరిపోదు. కాదనే అధికారం ఇవ్వాలి, రాబడిలో వాటా ఇవ్వాలి.